హోటల్ సినిమా చివరి రీలు

ఆ ఇంట్లో నేను మొట్టమొదట పరుగెత్తింది కుక్కర్ విజిల్ విని. పెళ్లయి క్యారీ వచ్చిన మొదటి శుక్రవారం, సాయంత్రం. పైన గదిలో నా బట్టలు సర్దుకుంటున్నాను. విజిల్ వినపడగానే, పప్పు పెట్టి మరిచిపోయానేమోనని మెట్లు రెండేసి దిగి వంటింట్లోకి వచ్చి చూస్తే స్టవ్ మీద ఏమీ లేదు. కుక్కర్ కడిగి బోర్లించి ఉంది. ఒళ్లు జలదరించింది. హనుమకొండలో చిన్నప్పుడు దయ్యాల కథలు చాలానే విన్నాను గానీ, నార్త్ కరోలినాలో పప్పు ఉడకబెట్టే దయ్యం ఉంటుందని ఎవరూ చెప్పలేదు.

మళ్లీ విజిల్. ఈసారి తెలిసింది, అది పైనుంచి వస్తోంది, గరాజ్ మీదుండే బోనస్ రూమ్‌లోంచి. దాని వెనకే పిల్లల నవ్వులు, ఒక ఆడమనిషి గొంతు.

పైకి వెళ్లి తలుపు తీశాను. కర్టెన్లు మూసి ఉన్నాయి. కార్పెట్ మీద చుట్టుపక్కల తెలుగు ఇళ్ల పిల్లలంతా ఒకరి మీద ఒకరు కాళ్లేసుకుని పడున్నారు. గోడకి తెర. దాని మీద మా తాత పుట్టకముందుదేమో అనిపించే నలుపు తెలుపు సినిమా. పెద్ద హోటల్, పాలరాతి మెట్లు, గుబురు మీసాల తెల్లదొర మేనేజరు, సామాన్లు మోసే బక్కపల్చటి బంట్రోతు. ఆ మేనేజరు భీమవరం లాడ్జి ఓనర్‌లా తెలుగులో తిడుతున్నాడు. తిట్టేది మగవాడు, గొంతు మాత్రం ఒక ఆడమనిషి బొంగురు చేసుకున్నది.

"సూరిబాబూ! మెట్ల మీద సబ్బెవడు పెట్టాడ్రా?"

"పెట్టలేదండి, ఆయ్. అదే పడిందండి."

"పడితే తియ్యాలా వద్దా?"

"తీద్దామనే వచ్చానండి. ఇదిగో, పడ్డానండి."

బంట్రోతు జారాడు. చేతిలో సూట్‌కేసులు జారాయి. కిందనుంచి పైకొస్తున్న లావుపాటి దొరసాని, ఆమె చంకలో కుక్కపిల్ల, ఆఖరికి మేనేజరు, అందరూ కలిసి మెట్ల మీదుగా దొర్లుకుంటూ వచ్చి పడ్డారు. పిల్లలు పొట్టలు పట్టుకుని నవ్వుతున్నారు.

"మాట్లాడేదెవరు?" అని అడిగాను.

అనిక తెర మీంచి చూపు తిప్పలేదు. "మా అమ్మ," అంది.

అనిక నా భర్త కౌశిక్ కూతురు. పదేళ్లది. వాళ్లమ్మ వసంతలక్ష్మి పోయి అప్పటికి రెండేళ్లు. ఇంట్లో ఫోటో ఉంటుందని తెలుసు, బీరువాలో చీరలుంటాయని తెలుసు, వాటికి సిద్ధపడే డాలస్ నుంచి పెట్టె సర్దుకుని వచ్చాను. గొంతు ఉంటుందని ఎవరూ చెప్పలేదు.

"చెప్పడం మర్చిపోయాను," అన్నాడు కౌశిక్ మర్నాడు కారులో. మగవాళ్లు మర్చిపోయేవన్నీ ఇలాంటివే. "పిల్లలకి తెలుగు రావట్లేదని వసంత చేసింది. మూగ సినిమా కదా, ఎవరు ఏ భాషలో మాట్లాడినా అడ్డుండదని. ఒక్క కాగితం ముక్క రాసుకోలేదు. మన బెడ్‌రూమ్ క్లోజెట్‌లో కూర్చుని, మైకు పెట్టుకుని, నోటికొచ్చింది మాట్లాడేసింది. మేనేజరుకి వాళ్ల మేనమామ పేరు పెట్టింది, ధర్మారావని. ఆయనకి తణుకులో లాడ్జి ఉండేదిలే."

"క్లోజెట్‌లోనా?"

"బట్టలుంటే ఎకో రాదట."

ఆ క్లోజెట్‌లో ఇప్పుడు నా బట్టలు వేలాడుతున్నాయి. ఆ రోజు నుంచి చీర తీసుకోవడానికి తలుపు తీసినప్పుడల్లా, లోపల ఎవరో మాట మధ్యలో ఆపి నా వంక చూసినట్టు అనిపించేది. ఇంగ్లీషు చదువులు చదివి సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ చేసే మనిషిని, ఇదేం పిచ్చి అని నన్ను నేనే తిట్టుకునేదాన్ని. తిట్టుకుంటూనే తలుపు తీసేముందు ఒకసారి దగ్గేదాన్ని.

ప్రతి శుక్రవారం ఆ సినిమా నడవాల్సిందే. వద్దనుకున్నా నాకూ కంఠతా వచ్చేసింది. ఒకచోట రికార్డింగ్‌లో పడిపోయిన కుక్కర్ విజిల్ వస్తుంది. ఒకచోట చిన్నప్పటి అనిక గొంతు, "అమ్మా, ఆకలి" అంటుంది, వసంత రికార్డింగ్ ఆపకుండా దొరసాని గొంతుతోనే "ఉండవే తల్లీ, ముందీ కుక్కని పట్టుకోనీ" అని జవాబు చెబుతుంది. ఆ మాట దగ్గర పిల్లలంతా నవ్వుతారు. అనిక మాత్రం నవ్వదు, పెదవులు కదుపుతుంది.

క్యారీలో మా తెలుగువాళ్లందరికీ ఆ సినిమా సామెతల పుస్తకం. బంట్రోతు ఎనిమిది పెట్టెలతో హోటల్ తిరుగుడు తలుపులో ఇరుక్కుని గుండ్రంగా తిరుగుతుంటే ధర్మారావు "లోపలికా, బయటికా?" అని అరుస్తాడు. "తెలీడం లేదండి, ఆయ్" అంటాడు సూరిబాబు. ఇండియన్ స్టోర్‌లో నేను తలుపు దగ్గర కార్ట్‌తో ఆగితే వెనకనుంచి ఎవరో "లోపలికా, బయటికా?" అనేవారు. నవ్వేదాన్ని. నవ్వకపోతే ఏమనుకుంటారో అని భయం. వసంతలక్ష్మి జోకుకి కొత్త పెళ్లాం నవ్వలేదట అని సాయంత్రానికి ఊరంతా తెలిసిపోదూ!

అసలు భయం సినిమా చివర ఉండేది.

హోటల్‌కి మంటలంటుకుంటాయి. నీళ్ల గొట్టం బంట్రోతు చేతిలోంచి జారి పాములా ఎగురుతుంది. సరిగ్గా అక్కడ, ధర్మారావు తిట్టు మధ్యలో, గొంతు మామూలుగా మారిపోతుంది. "అబ్బ, గొంతు పోయింది. మిగతాది రేపు," అంటుంది వసంత, తన సొంత గొంతుతో. అంతే. ఆ రేపు రాలేదు. గొంతు నొప్పనుకుని డాక్టర్ దగ్గరకి వెళ్తే అది గొంతు నొప్పి కాదని తేలింది.

ఆ తర్వాత మాటల్లేవు. మంచాలు నీళ్లలో తేలుకుంటూ వీధిలోకి వస్తాయి. దొరసాని బాత్‌టబ్‌లో కూర్చుని మెట్లు దిగుతుంది. అంతకంటే నవ్వొచ్చే ఘట్టం ఆ సినిమాలోనే లేదు. అంత అల్లరి పిల్లలూ ఒక్కరు నవ్వరు. ఎవరూ చెప్పకుండానే లేచి మఠం వేసుకుని కూర్చుంటారు. చివరికి కూలిపోయిన హోటల్ ముందు, తడి బట్టలతో, మేనేజరూ బంట్రోతూ పక్కపక్కన మెట్టు మీద కూర్చుని ఏదో మాట్లాడుకుంటారు. పెదాలు కదులుతుంటాయి. ఏమంటున్నారో ఎవరికీ తెలియదు. లైట్ వేసేదాకా ఎవరూ కదలరు. ఆ గదిలోకి నేను పాప్‌కార్న్ గిన్నె పట్టుకుని వెళ్లిన ప్రతిసారీ ఎవరింటి దినంలోకో పిలవకుండా వెళ్లినట్టుండేది.

జూన్ చివర్లో ఒక ఆదివారం రాధారాణి, ఆమె భర్త దామోదర్ భోజనానికి వచ్చారు. రాధారాణి వసంతకి ప్రాణస్నేహితురాలు. మా వంటింట్లో ఇంగువ ఎక్కడుంటుందో నాకంటే ఆమెకే బాగా తెలుసు. దామోదర్ పక్కనే ఉన్న టెక్ పార్క్ ఆర్టీపీలో ఏదో కంపెనీలో గొంతులు తయారుచేసే సాఫ్ట్‌వేర్ మీద పనిచేస్తాడు.

"ఆగస్టులో వసంత పుట్టినరోజు వస్తోంది కదా," అంది రాధారాణి. "క్లబ్‌హౌస్ బుక్ చేసి అందరికీ హోటల్ సినిమా వేద్దాం. చివరి రీలుకి కూడా వసంతే మాట్లాడితే ఎలా ఉంటుందంటావ్, కౌశిక్?"

"వసంతా?" అన్నాడు కౌశిక్.

"ఏఐతో అయిపోతుందన్నా," అన్నాడు దామోదర్ లాప్‌టాప్ తెరుస్తూ. "రికార్డింగ్ మొత్తం ఫీడ్ చేశాను. ఏది టైప్ చేస్తే అది తన వాయిస్‌లో అంటుంది. డైలాగులు ఈవిడ రాస్తుంది. ఊరికే ఒక శాంపిల్ వినండి."

నొక్కాడు. "అనికా, అన్నం తిన్నావా బంగారం?" అని లాప్‌టాప్ గర్జించింది. వసంత గొంతే, కానీ ధర్మారావుగా. పాపం, దానికి తెలిసిన వసంత అంతా మీసాల మేనేజరు, దొరసాని, సూరిబాబే కదా. అందరం ఘొల్లున నవ్వాం. ఆ ఇంట్లో నేను మనస్ఫూర్తిగా నవ్వింది అదే మొదటిసారి.

"ఆగండాగండి. మా ఫోన్లలో ఉన్న బర్త్‌డే వీడియోలతో ఇంకోటి చేశాను," అన్నాడు దామోదర్.

మళ్లీ నొక్కాడు. "అనికా, అన్నం తిన్నావా బంగారం?"

ఈసారి గర్జన లేదు. పక్కగదిలోంచి ఒక తల్లి అడిగినట్టే ఉంది. మెట్లు దిగుతున్న అనిక, అడుగు తడబడకుండా, "తిన్నానమ్మా," అంది.

అన్నాక మమ్మల్ని చూసింది. లాప్‌టాప్‌ని చూసింది. రాధారాణి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. కౌశిక్ లేచి వెనక డెక్ మీదికి వెళ్లి పైన్ చెట్ల వైపు తిరిగి నిలబడ్డాడు. పిల్ల మాత్రం మెల్లగా వచ్చి దామోదర్ పక్కన కుర్చీ లాక్కుంది.

"అంకుల్, నా ఐప్యాడ్‌లో పెట్టు."

దామోదర్ కౌశిక్ కోసం చూశాడు. కౌశిక్ వెనక్కి తిరగలేదు. వద్దని ఎవరో ఒకరు అనాలి. ఆ ఎవరో ఒకరు నేను కాకూడదు. చచ్చినమ్మ గొంతుని పిల్లకి దూరం చేసిన సవతితల్లి అనిపించుకోవడానికి నాకేం పట్టింది? నోరు మూసుకుని గిన్నెలు సింకులో వేశాను.

వాళ్లు వెళ్లాక కౌశిక్ నా పక్కన నిలబడి ప్లేట్లు తుడుస్తూ అడిగాడు. "నీకేమైనా ఇబ్బందా, రాగిణీ?"

"నాకేం ఇబ్బంది? మంచిగనే ఉంది గద," అన్నాను.

ఇబ్బందే. బతికున్న సవతితో అయితే ఒక మాట అని ఒక మాట పడొచ్చు. ఈమెతో ఏం పోట్లాడను?

జూలైలో ఎండలు ముదిరాయి. బయట చెట్ల మీద కీచురాళ్ల రొద, లోపల ఏసీ రొద, వాటి మధ్య ఇంట్లో ఎక్కడో ఒకచోట వసంతలక్ష్మి మాట్లాడుతూ ఉండేది. నేను వర్క్ ఫ్రమ్ హోమ్. మీటింగ్‌లో ఉండగా పైనుంచి వినపడేది, "అనికా, ఇవాళ మ్యాథ్ వద్దు, ఐస్‌క్రీమ్ తిను." కాసేపటికి "అనికా, ఇంకో ఐస్‌క్రీమ్ తిను." మొదట్లో నవ్వొచ్చింది. పిల్ల టైప్ చేస్తుంది, తల్లి ఒప్పుకుంటుంది. చనిపోయాక ఇంత మెతకబడిన తల్లి ఇంకెక్కడైనా ఉంటుందా! కానీ ఆ గొంతుకి నవ్వడం రాదు. పిల్ల నవ్వమన్నప్పుడు "హ హ హ" అని మూడు ముక్కలుగా అనేది. అది విన్నప్పుడు నా చేతులు కీబోర్డు మీదే ఆగిపోయేవి.

పిల్ల ఒక్కతే కాదు. ఒక సాయంత్రం గరాజ్ తలుపు తెరుచుకున్న చప్పుడైంది గానీ కౌశిక్ లోపలికి రాలేదు. ఎంతకీ రాకపోతే వెళ్లి చూశాను. కారులోనే కూర్చుని ఉన్నాడు. అద్దం కొద్దిగా దించి ఉంది. "కౌశిక్, వస్తూ వస్తూ పెరుగు తెస్తావా," అంటోంది వసంత. కాస్త ఆగి మళ్లీ అదే మాట.

నన్ను చూసి ఆపేశాడు. "ఊరికే. దామోదర్ పంపాడు. టెస్ట్ చేస్తున్నా."

"సరే," అన్నాను.

లోపలికొచ్చి సంచీ బల్ల మీద పెట్టాడు. అందులో పెరుగు డబ్బా. ఫ్రిజ్‌లో అప్పటికే రెండు ఉన్నాయి. నేను తెమ్మనలేదు. మూడో డబ్బాకి చోటు చేస్తూ, ఈ ఇంట్లో ఎవరి మాట చెల్లుతుందో నాకు చక్కగా తెలిసింది. ఏడుపొచ్చింది. ఫ్రిజ్ తలుపు తెరిచి ఉండగానే ఏడ్చేసి, మూసి వచ్చాను.

గోడలకు చెవులుంటాయంటారు. ఆ వేసవిలో అనిక తలుపుకి నేనే చెవినయ్యాను. తప్పని తెలుసు. పిల్ల ఆ గొంతుతో నా గురించి ఏమనిపిస్తుందో అని నాకు గుబులు. 'ఆమెని పంపించెయ్' అంటే? అన్నా అంటుంది. ఏది టైప్ చేస్తే అదే కదా.

ఒక మధ్యాహ్నం మడతపెట్టిన బట్టలు తీసుకుని పైకి వెళ్తున్నాను. తలుపు ఓరగా వేసి ఉంది. అక్షరాలు నొక్కుతున్న చప్పుడు, తర్వాత ఆ గొంతు.

"అనికా, రాగిణి ఆంటీని అమ్మా అని పిలువు. నాకేం కోపం వస్తలేదు."

అక్కడే ఆగిపోయాను. ఆ గొంతు గోదావరిది, ఆ మాట తీరు మాత్రం నాది. నేనొచ్చి రెండు నెలలు కాలేదు, నా మాటలు పిల్ల నోట్లో దూరి, అక్కడినుంచి వాళ్లమ్మ నోట్లోకి వెళ్లాయి. పిల్ల మళ్లీ నొక్కింది. మళ్లీ అదే మాట. మళ్లీ నొక్కింది.

బట్టలు మెట్ల మీద పెట్టి కిందికి వచ్చేశాను. అబద్ధం చెప్పను, ఆ రోజంతా నా కాళ్లు నేల మీద నిలవలేదు. అది యంత్రమని తెలుసు, పిల్ల టైప్ చేసిందని తెలుసు. అయినా ఆ గొంతు ఆ మాట అంది. ఆ ఇంట్లో క్లోజెట్ నుంచి కుక్కర్ దాకా అన్నిటికీ యజమానురాలైన మనిషి, నన్ను లోపలికి రమ్మంది. ఆ సాయంత్రం దగ్గకుండానే క్లోజెట్ తలుపు తీశాను.

అప్పట్నుంచి ఎదురుచూడ్డం మొదలైంది. పొద్దున పాలగ్లాసు ఇస్తూ, స్విమ్మింగ్‌కి దింపుతూ, జడ వేస్తూ ఎదురుచూసేదాన్ని. అనిక కూడా ఒకటి రెండుసార్లు నన్నే చూస్తూ నోరు తెరిచింది. తెరిచి, "ఆంటీ, సాల్ట్ ఎక్కువైంది," అంది. ఆశపోతుకి అన్నీ శకునాలే. ఆంటీ అనబోయి పిల్ల తటపటాయించిందని కూడా మురిసిపోయాను.

వసంత పుట్టినరోజు శనివారం వచ్చింది. రాధారాణి చివరి రీలుకి డైలాగులు రాసి పంపింది, దామోదర్ వాటిని సినిమాకి అతికించాడు. ఆఖర్న మేనేజరూ బంట్రోతూ మెట్టు మీద కూర్చునే చోట ఇంకో ముక్క కూడా కలిపారట. ధర్మారావు గొంతు పోయి వసంత సొంత గొంతు వచ్చి, "పిల్లలూ, బాగా చదువుకోండి, నేను చూస్తూనే ఉంటాను" అంటుందట. పొద్దున ఫోన్‌లో ఆ మాట చెబుతూనే రాధారాణి ఏడ్చేసింది. స్పీకర్‌లో విన్నాం, నేనూ కౌశికూ. ఇడ్లీ తింటున్న అనిక కూడా వింది.

ఫోన్ పెట్టేశాక అనిక ప్లేటు పక్కకి జరిపింది. "నాన్నా, దామోదర్ అంకుల్‌కి చెప్పు. లాస్ట్ పార్ట్ వద్దు."

"ఏం రా బంగారం? అమ్మే కదా మాట్లాడేది."

"కాదు. అమ్మ నా మాట వినేదే కాదు." పిల్ల చెంచాతో చట్నీ కెలుకుతోంది. "ఐస్‌క్రీమ్ అడిగితే నో. స్లీప్‌ఓవర్ అడిగితే నో. ఇది అన్నీ వింటది. నేను ఏం టైప్ చేస్తే అది ఎస్ అంటది. నేను... చాలా టైప్ చేసిన. అమ్మ అట్ల అనదు. అంటదో అనదో నాకు తెలీదు."

చివరి మాటలు ప్లేటుతో అంది. ఏ మాట గురించి అంటోందో నాకు తెలుసు. ఇడ్లీ పాత్ర మూత పట్టుకుని అలాగే నిలబడ్డాను. రెండు వారాలుగా నేను దాచుకుని బతుకుతున్న మాటని పిల్ల ఎంత నెమ్మదిగా తీసి పక్కన పెట్టేసిందో! న్యాయమే. న్యాయమని తెలిసినంత మాత్రాన బాధ తగ్గుతుందా?

కౌశిక్ నా వైపు చూశాడు. నేను ఏదో ఒకటి అనాలి.

"పిల్ల చెప్పింది నిజమే. దామోదర్ అన్నకు ఫోన్ చెయ్యి," అన్నాను.

"రాధారాణి బాధపడుతుంది."

"పడనీ. చెయ్యి."

అతను చాలాసేపు ఫోన్ చేతిలో పెట్టుకుని కూర్చున్నాడు. అనిక వెళ్లి తండ్రి భుజం మీద గడ్డం ఆనించింది. "నీ ఫోన్‌లోది కూడా, నాన్నా," అంది. పిల్లకి అన్నీ తెలుసు. కౌశిక్ కళ్లు మూసుకుని తల ఊపాడు. ఆ తర్వాత దామోదర్‌కి ఫోన్ చేశాడు.

సాయంత్రం క్లబ్‌హౌస్ నిండిపోయింది. ఎవరికి వారు ఒక గిన్నె వండి తెచ్చారు. సినిమా మొదలయ్యాక ధర్మారావు తిట్ల కంటే ముందు పిల్లలు, పిల్లల కంటే ముందు పెద్దలు అందుకున్నారు. ఇంటి గోడల మధ్య విన్నప్పుడల్లా నన్ను వణికించిన గొంతు, అంతమంది మధ్య మామూలు హుషారైన మనిషి గొంతులా ఉంది. ఈమె బతికుంటే నాకు స్నేహితురాలయ్యేదేమో అని మొదటిసారి అనిపించింది. ఆమె బతికుంటే నేనక్కడ ఉండనన్న సంగతి ఆ వెంటనే గుర్తొచ్చింది.

"అబ్బ, గొంతు పోయింది. మిగతాది రేపు."

ఆ తర్వాత మాటల్లేకుండానే నడిచింది. మంచాలు వీధిలోకి కొట్టుకొచ్చాయి. దొరసాని టబ్‌లో మెట్లు దిగింది. మేనేజరూ బంట్రోతూ మెట్టు మీద కూర్చుని, ఎవరికీ తెలియని మాటలేవో మాట్లాడుకున్నారు. అంత హాల్లోనూ ప్రొజెక్టర్ ఫ్యాన్ చప్పుడు తప్ప ఇంకేం లేదు. రాధారాణి చెంగు నోట్లో కుక్కుకుంది. నేను వెళ్లి ఆమె పక్కన కూర్చున్నాను. నా చెయ్యి పట్టుకుంది, వదలలేదు.

అందరూ తింటుండగా అనిక కనపడలేదు. వెతుక్కుంటూ బయటికొచ్చాను. ఇంకా వెలుతురుంది. స్విమ్మింగ్ పూల్ కంచె పక్కన, బయట వేసిన మడత కుర్చీలో ఐప్యాడ్ ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. పక్క కుర్చీలో కూర్చున్నాను.

"డిలీట్ చేసేస్తున్నా," అంది. "హోటల్ సినిమా కాదు. ఇది." స్క్రీన్ నా వైపు తిప్పింది. టైప్ చేసే ఖాళీ పెట్టె, పక్కన వసంత పేరు. "ఆంటీ, నీకు ఏమన్నా కావాలా? లాస్ట్ వన్. నువ్వు ఏది టైప్ చేస్తే అది అంటది."

ఐప్యాడ్ నా ఒళ్లో పెట్టింది.

కావాలి. చాలా కావాలి. తలుపు బయట విన్నదే ఇంకొక్కసారి, ఈసారి నా ఎదురుగా, నా కోసం. నాలుగు మాటలు నొక్కితే చాలు. వేలు స్క్రీన్ దాకా వెళ్లింది కూడా. అనిక నన్నే చూస్తోంది. మోకాలి మీద దోమకాటు గోక్కుంటోంది. నేనేం టైప్ చేస్తానో చూడాలని ఆమెకీ ఉన్నట్టుంది.

ఐప్యాడ్ తిరిగి ఇచ్చేశాను. "నాకు మీ అమ్మను అడిగేది ఏం లేదు. నిన్నే అడగాలె."

"ఏంది?"

"నేను మీ ఇంటికొచ్చిన గద. నీకు నా మీద కోపం ఉందా?"

ఆ యంత్రమైతే వేలు తీసేలోపే లేదని చెప్పేది. అనిక చెప్పలేదు. పూల్ వైపు చూసింది. నీళ్లలో ఎవరో వదిలేసిన రంగుల ట్యూబ్ ఒకటి గుండ్రంగా తిరుగుతోంది. ఎంతసేపు ఆలోచించిందంటే, అడక్కుండా ఉండాల్సింది అని నేను వందసార్లు అనుకున్నాను.

"కొంచెం," అంది.

తర్వాత ఇంకాస్త ఆలోచించి, "ఫస్ట్‌లో చాలా ఉండె. ఇప్పుడు కొంచెం," అని సరిచేసింది.

తలూపాను.

"కోపం ఉందన్నందుకు నీకు కోపం వచ్చిందా?"

"లేదు."

నా మొహంలోకి వంగి చూసింది. "నిజం చెప్పు."

"కొంచెం," అన్నాను.

అనిక తలాడించి, ఐప్యాడ్ ముందుకు వంచి డిలీట్ నొక్కింది. నిజంగానే తీసెయ్యాలా అని అది మళ్లీ అడిగితే మళ్లీ నొక్కింది. లోపలినుంచి కౌశిక్ కేక వేస్తున్నాడు, కుర్చీలు మడవడానికి రమ్మని. ఇద్దరం లేచి, కూర్చున్న కుర్చీలు మడిచి, చెరొకటి మోసుకుంటూ లోపలికి వెళ్లాం.